అంగారకుడి కందకంలో నేను సరిచేసిన దిమ్మె

మా కాలేజీ జియాలజీ ల్యాబులో నా తర్వాత అటెండరుగా చేరిన అమ్మాయి పేరు సుజాత. పోయిన నెల మా ఇంటికి వచ్చి, "పెద్దమ్మా, ఆ బీరువాలు తెరవాలంటేనే గుండె దడగా ఉంది. అన్ని రాళ్ళున్నాయి, ఒక్కదానికీ నోరు లేదు. ఏది యాడ పెట్టాలో ఎట్టా తెలిసిద్ది?" అని అడిగింది. నేను చెప్పటం మొదలుపెట్టాను. రెండు పూటలా అన్నం ఇక్కడే తిని వెళ్ళింది, సగం కూడా అవలేదు. పోతూపోతూ, "ఇదంతా రాసి పెట్టరాదా, నాకు గుర్తుండదు" అంది.

నా చదువు అయిదో తరగతి. కానీ ఇరవై తొమ్మిదేళ్ళు రాళ్ళకు చీటీలు రాసిన చెయ్యి కాబట్టి అక్షరం పోలేదు. ఎప్పుడు చేరాను, ఎప్పుడు పర్మినెంటయ్యాను, ఏ సర్టిఫికెట్టు కోసం ఎన్నిసార్లు తిరిగాను అన్నవి ఇక్కడ రాయడం లేదు. అవి ఆఫీసు ఫైల్లో ఉన్నాయి, కావాల్సినవాళ్ళు చూసుకుంటారు. పని గురించి రాస్తున్నాను. ముఖ్యంగా నేను చేసిన రెండు తప్పుల గురించి. రెండూ ఒక్క జాతివే. మొదటిది చిన్నది, నవ్వుకోవచ్చు. రెండోది చేసినప్పుడు ఒక ఆడపిల్ల బతుకు నా చేతుల్లో ఉంది. అది నాకు అప్పుడు తట్టలేదు.

రాళ్ళకు తలంటు

నేను చేరిన మొదటి సంవత్సరం పిల్లలు ఫీల్డ్ ట్రిప్పుకి మాచర్ల వైపు వెళ్ళి మూడు గోతాల రాళ్ళు తెచ్చారు. మట్టి, తుప్పు, నాచు, పిట్టల రెట్టలు, అన్నీ వాటి మీదే ఉన్నాయి. హెడ్డు సార్ నాతో, "కోటమ్మా, వీటిని కడిగి ఆరబెట్టు" అన్నారు. కడగటం అంటే నాకు తెలిసింది ఇంట్లో ఇత్తడి బిందెలు కడగటమే. కొబ్బరిపీచు, చింతపండు తీసుకుని ఒక్కొక్క రాయినీ ఒళ్ళో పెట్టుకుని తోమాను. మధ్యాహ్నానికి అవి మెరుస్తున్నాయి. కొన్ని సున్నపురాళ్ళ మీద పులుపు తగిలి నురగ కూడా వచ్చింది. మురికి బాగా వదులుతోందని సంతోషపడ్డాను.

సార్ వచ్చి చూశారు. ఒక రాయి తీసుకున్నారు, తిప్పారు, కింద పెట్టారు. ఇంకోటి తీసుకున్నారు.

"కోటమ్మా, వీటికేమన్నా పెళ్ళిచూపులా?"

"కడగమన్నారు కదా సార్."

"మట్టి కడగమన్నాను. తోలు ఒలవమనలేదు."

తర్వాత నన్ను స్టూలు మీద కూర్చోబెట్టి చెప్పారు. రాయి పైన ఉండే ఆ తుప్పు పొర ఎన్ని వానలు, ఎన్ని ఎండలు దాని మీద పడ్డాయో చెబుతుందట. లోపలి రాయి పుట్టుక చెబితే, పైపొర దాని బతుకు చెబుతుందట. నేను ఒక పూటలో మూడు గోతాల బతుకు తోమి పారేశాను.

ఆ సార్ గురించి ఒక మాట. ఆయన కోపిష్టి. పిల్లల్ని పదిమందిలో తిట్టేవారు. అది నాకు అప్పుడూ నచ్చలేదు, ఇప్పుడూ నచ్చదు. ఒక పిల్లవాడు ఆయన తిట్టాక చదువే మానేసి కారంపూడిలో ఎరువుల కొట్టు పెట్టుకున్నాడు. కానీ ప్రశ్న అడిగితే మాత్రం, అడిగింది ప్రొఫెసరా, ఊడ్చే మనిషా అని చూసి జవాబు కొలతలు మార్చేవారు కాదు. ఆ ఒక్క గుణం వల్లే నేను ఆ ల్యాబులో నిలిచాను.

గోడ మీద కందకం

నా సర్వీసు చివరి సంవత్సరాల్లో ఎమ్మెస్సీకి నసీమా అనే పిల్ల వచ్చింది. మాచర్ల పిల్ల. వాళ్ళ నాన్న ఖాదర్ భాయ్ బస్టాండు దగ్గర లారీ ఇంజన్లు బాగుచేస్తాడు. ఆ పిల్ల చేతులు కూడా అలాగే ఉండేవి, ఏదో ఒకటి విప్పుతూ, బిగిస్తూ. వచ్చిన మొదటి వారమే నన్ను పిన్నీ అంది. నాకు అక్క లేదు, అయినా పలికాను.

ఒకరోజు ల్యాబు ఊడుద్దామని తలుపు తీస్తే, కిటికీ దగ్గర మొదలై తలుపు దాకా గోడంతా బొమ్మలు. ఒకదాని పక్కన ఒకటి టేపుతో అతికించింది. ఎర్రటి నేల, దాని మధ్యలో పొడుగ్గా చీలిక.

"ఏందమ్మాయ్ ఇది, సాగర్ కాలవా?"

"కాలవ కాదు పిన్నీ, కందకం. మన భూమ్మీద కాదు. అంగారకుడి మీద."

"ఎంత పొడుగుండిద్ది?"

"మన దేశాన్ని కాశ్మీరు నుంచి కన్యాకుమారి దాకా తెచ్చి అందులో పడుకోబెట్టినా ఇంకా చోటు మిగిలిద్ది. లోతు కొన్నిచోట్ల ఏడు కిలోమీటర్లు."

"యాడన్నా అబద్ధమాడితే నమ్మేట్టు ఆడాలే. ఎవరు దిగి కొలిచారు?"

నసీమా నవ్వి, చీపురు నా చేతిలోంచి తీసుకుని గోడకు ఆనించింది. ఆ గ్రహం చుట్టూ తిరిగే యంత్రం పైనుంచి వెలుతురు కిందికి కొడుతుందట. అది నేలకు తగిలి తిరిగి రావడానికి ఎంతసేపు పట్టిందో చూసి లోతు కడతారట. బావిలో రాయి వేసి, చప్పుడు ఎంతసేపటికి వినపడిందో బట్టి మేము లోతు చెప్పేవాళ్ళం. అదే పద్ధతి అనుకున్నాను. నమ్మాను.

ఆ కందకం ఎట్లా పుట్టిందో ఆ పిల్ల చెప్పిన తీరు నాకు ఇప్పటికీ మనసులో అలాగే ఉంది. పెనం మీద జొన్నరొట్టె ఒకవైపు పొంగితే పక్కన చీలుతుంది కదా, అలా ఆ గ్రహం మీద ఒకచోట నేల పెద్దగా ఉబ్బింది. ఉబ్బేసరికి పక్క నేల లాగుకుపోయి పొడుగ్గా, వరసగా పగిలింది. రెండు పగుళ్ళ మధ్య ఉన్న పట్టీ కిందికి దిగిపోయింది. ఆ తర్వాత గోడలు ఊరికే ఉండలేదు. చరియలు చరియలుగా విరిగి అడుగున పడ్డాయి, కందకం వెడల్పయింది. గోడల్లో పొర మీద పొర నల్లటి రాయి కనపడుతుంది, ఒకప్పుడు మంటగా పారి గడ్డకట్టిన రాయి అది. తూర్పు కొస నుంచి ఎప్పుడో నీళ్ళు విరుచుకుపడి పోయిన జాడలు కూడా ఉన్నాయి.

అప్పటి నుంచి నేను ఊడుస్తూ రోజూ ఆ కందకం వెంట నడిచేదాన్ని. కిటికీ దగ్గర మొదలుపెట్టి తలుపు దాకా. ఆ రోజులు తలచుకుంటే ఇప్పటికీ హాయిగా ఉంటుంది. ఊడ్చే పని కూడా ఒక ప్రయాణంలాగా ఉండేది.

తవ్విన మట్టి ఏది?

పెద్ద కందకానికి ఉత్తరంగా ఇంకో గుంట ఉంది. అది పొడుగ్గా ఉన్నా నాలుగు వైపులా మూసుకుపోయింది. దానికి మూతి లేదు. నేను దాని ముందు ఆగిపోయాను.

నేను పుట్టింది మట్టిపని చేసే ఇంట్లో. సాగర్ కుడికాలవ కింద పిల్లకాలవలు తవ్వుతున్న రోజుల్లో మా అమ్మానాన్నలు నకరికల్లు నుంచి కారంపూడి దాకా పని ఎక్కడుంటే అక్కడ గుడిసె వేశారు. నేనూ తట్ట మోశాను. తవ్వేవాళ్ళకు గుంట కనపడగానే కళ్ళు గుంట వైపు పోవు, గట్టు వైపు పోతాయి. తీసిన మట్టి ఎక్కడో పడి ఉండాలి.

"సార్, ఈ గుంటలోంచి తీసిన మట్టి ఏది?" అని హెడ్డు సార్‌నే అడిగాను. "గట్టు మీద లేదు. నీళ్ళు కొట్టుకుపోయాయంటే పోయే దారి లేదు."

ఆయన కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నారు. "అది పెద్ద పెద్దవాళ్ళు కూడా అడుగుతున్నారు కోటమ్మా. కొంత కిందికి కుంగింది. లోపల మంచో ఉప్పో ఉండి, కరిగి నేల కిందుగానే పోయి ఉండొచ్చని కొందరంటారు. తేలలేదు."

తేలలేదు అన్న మాట అంత పెద్దమనిషి నోటి వెంట రావటం నాకు బాగా నచ్చింది. ఆ సాయంత్రం నడిచి ఇంటికి పోతుంటే కాస్త పొడుగయినట్టు అనిపించింది. ఆ గర్వమే తర్వాత నా కొంప ముంచింది.

ఎందుకంటే ఆ మూసుకుపోయిన గుంట మధ్యలో ఒక కొండ ఉంది. చుట్టూ లోతు, మధ్యలో అది ఒక్కటే నిలబడి ఉంది. దాని నెత్తి ఇంచుమించు గట్టు ఎత్తుకి వస్తుంది. చూడగానే నాకు తెలిసిపోయింది. అది దిమ్మె.

దిమ్మె అంటే ఏమిటో ఇప్పటివాళ్ళకు చెప్పాలి. కాలవ తవ్వేటప్పుడు మధ్యమధ్యలో కొంచెం నేలను తవ్వకుండా స్తంభంలాగా వదిలేస్తారు. దాని నెత్తి మీద పాత గడ్డి అలాగే ఉంటుంది. ఓవర్సీరు వచ్చి దిమ్మె నెత్తి నుంచి అడుగు దాకా టేపు పెడితే ఎంత లోతు తవ్వామో తెలుస్తుంది. ఆ లోతును బట్టే కూలి. కొలతయ్యాక దిమ్మెనూ కొట్టేస్తారు. దిమ్మె అంటే మునుపటి నేల ఇక్కడి దాకా ఉండేది అని నిలబడి చెప్పే మనిషి లాంటిది.

"ఇది దిమ్మె, నసీమా. తవ్వినప్పుడు వదిలేసిన పాత నేల."

"అట్టా అనేవాళ్ళు కూడా ఉన్నారు పిన్నీ," అంది ఆ పిల్ల. "నేను మాత్రం కాదంటాను. గోడల్లో పొరలు నల్లగా, దుక్కగా ఉన్నాయి. దీంట్లో పొరలు లేత రంగు, పలచన. ఉప్పులాంటి ఖనిజాలు కనపడతన్నాయి. ముందు గుంట పడింది. తర్వాత బూడిదో, దుమ్మో, నీటి అడుగున పేరుకున్న ఒండ్రో దాన్ని నింపింది. ఆ తర్వాత గాలి చుట్టూ కోసుకుంటా పోతే మధ్యలో ఇది మిగిలింది. ఇది ముందటిది కాదు, తర్వాత వచ్చింది."

నేను తలూపాను. చెవితో విన్నాను, తలకెక్కించుకోలేదు. దిమ్మె ఏమిటో నాకు ఒకరు చెప్పాలా అనే పొగరు నాలో ఉంది.

ఒక్క సీటు

హైదరాబాద్ నుంచి ఒక పెద్ద సార్ వైవాకి వస్తున్నారని తెలిసింది. ఆ కందకం మీదే పరిశోధన చేసే మనిషి. ఆయన దగ్గర పీహెచ్‌డీకి ఒక్క సీటు ఉంది. ఇద్దరు పిల్లల్ని అప్పటికే వేరే కాలేజీల్లో చూశారు. నసీమాని చూశాక ఎవరిని తీసుకునేదీ చెబుతారు.

ఆ పిల్లకు అంతకుముందు ఇంకోచోట అడిగితే సీటు రాలేదు. గురజాలలో ఒక ప్రైవేటు స్కూలు వాళ్ళు టీచరుగా పిలిచారు. ఆ వారంలోనే చేరుతుందో లేదో చెప్పాలి. ఖాదర్ భాయ్ మంచివాడే, ఒత్తిడి పెట్టలేదు. "ఈసారి కూడా కాకపోతే ఇంక ఎదురుచూడబాకమ్మా, స్కూల్లో చేరు" అని మాత్రం అన్నాడు. ఆ పిల్ల ఒప్పుకుంది.

"బళ్ళో చెప్పటం తక్కువ పనేం కాదు పిన్నీ," అంది నాతో. "కానీ ఆ గుంట మధ్యలో ఉన్నది ఏందో తెలుసుకునే అవకాశం మళ్ళా రాదు నాకు."

వైవా కోసం ల్యాబులో ఇసుక తొట్టిలో ఆ గుంట నమూనా కట్టింది. తొట్టి ఒక మంచమంత ఉంటుంది. గోడలకు మాచర్ల నాపరాయి నల్ల చెక్కులు రేగడిమట్టితో పొరలుగా పేర్చింది. మధ్య కొండకు లేత పసుపు సున్నపురాయి పలకలు, సన్నగా కొట్టి, కాస్త వాలుగా పెట్టింది. రాళ్ళు కొట్టిచ్చింది నేనే. పది రోజులు పట్టింది. శనివారం సాయంత్రం దాని మీద తెల్ల గుడ్డ కప్పి, మాచర్ల బస్సెక్కి ఇంటికి పోయింది. వైవా సోమవారం.

ఆదివారం మధ్యాహ్నం

ఆదివారం నేను ల్యాబు శుభ్రం చేయడానికి వెళ్ళాను. పెద్దమనిషి వస్తున్నాడు కదా అని కిటికీల చువ్వలు కూడా తుడిచాను. చివరికి గుడ్డ తీసి నమూనా చూశాను.

గోడలు నల్లగా ఉన్నాయి. దిమ్మె పచ్చగా ఉంది. పొరకూ పొరకూ పొంతన లేదు.

నాకు భయమేసింది. ఎందుకో తర్వాత చెబుతాను. పొంతన లేని దిమ్మె చూపిస్తే కొలవడానికి వచ్చినవాడు ఏమంటాడో నాకు తెలుసు. దొంగ అంటాడు. పిల్లకు రాళ్ళు సరిపోక ఏవి దొరికితే అవి పెట్టిందేమో, తొందరలో చూసుకోలేదేమో అనుకున్నాను. తను నాతో గోడ ముందు నిలబడి చెప్పిన మాటలు ఒక్కటీ ఆ క్షణాన గుర్తు రాలేదు. గుర్తు వచ్చినా పక్కన పెట్టానేమో, ఇప్పుడు నిజంగా చెప్పలేను.

పసుపు పలకలన్నీ తీసేశాను. వెనక పెరట్లో గన్నేరు చెట్టు మొదట్లో కుప్పగా పోశాను. మిగిలిన నల్ల చెక్కులు తెచ్చి గోడల్లో ఏ ఎత్తున ఏ పొర ఉందో దారం పట్టి చూసి, అదే ఎత్తున దిమ్మెలో అదే పొర వచ్చేటట్టు కట్టాను. వాలు తీసేసి మట్టంగా పెట్టాను. మూడు గంటలు పట్టింది. నడుము పట్టేసింది. చాలా ముచ్చటగా వచ్చింది. గుడ్డ కప్పి, పిల్ల చూసి ఎంత సంతోషపడుతుందో అనుకుంటూ ఇంటికి వెళ్ళాను.

గుడ్డ తీశాక

సోమవారం పదకొండు గంటలకు హైదరాబాద్ సార్ వచ్చారు. సన్నటి మనిషి, తక్కువ మాటలు. హెడ్డు సార్ పక్కన కూర్చున్నారు. నేను టీ కప్పులు పట్టుకుని తలుపు దగ్గర నిలబడ్డాను. నసీమా అరగంట మాట్లాడింది. ఎక్కడా తడబడలేదు. మధ్య కొండ గుంట పడ్డాక వచ్చిందని, పొరలు గోడలతో కలవవని చెప్పి, "నమూనాలో చూపిస్తాను సార్" అని గుడ్డ తీసింది.

తీసి, అలాగే నిలబడిపోయింది.

హైదరాబాద్ సార్ వంగి చూశారు. గోడ చూశారు, దిమ్మె చూశారు. "ఇవి చక్కగా కలుస్తున్నాయి కదమ్మా. నువ్వు చెప్పింది ఒకటి, కట్టింది ఇంకొకటి. ఇందులో ఏది నీ మాట?"

"ఏందమ్మా నసీమా ఇది?" అన్నారు హెడ్డు సార్. గొంతులో కోపం మొదలవుతోంది.

నసీమా తల తిప్పి ఒక్కసారి నా వంక చూసింది. ఆ ల్యాబు తాళం ఇంకెవరి దగ్గర ఉంటుంది? ఆ పిల్లకు తెలిసిపోయింది. నా పేరు చెబితే ఒక్క మాటతో బయటపడేది. చెప్పలేదు.

"పొరపాటు జరిగింది సార్. నాకు ఒక అరగంట ఇయ్యండి, మళ్ళా కడతాను."

ఆయన గడియారం చూసుకున్నారు. "నాకు ఒంటిగంటకు కారుందమ్మా."

అప్పుడు నేను టీ పళ్ళెం బల్ల మీద పెట్టాను. "సార్, అది ఆ పిల్ల తప్పు కాదు. నిన్న నేను మార్చాను."

"కోటమ్మా, నువ్వు బయటికి పో," అన్నారు హెడ్డు సార్.

"ఉండండి," అన్నారు హైదరాబాద్ సార్. "ఎందుకు మార్చావమ్మా?"

అప్పటిదాకా నేను మా ఇంటాయనకు కూడా చెప్పని సంగతి ఆ ముగ్గురి ముందు చెప్పాల్సి వచ్చింది. చెప్పకపోతే ఆ పిల్ల మాటకు విలువ ఉండదు.

నాకు తొమ్మిదేళ్ళప్పుడు కారంపూడి దగ్గర పిల్లకాలవ పని. నేల గట్టి. ఎంత తవ్వినా లోతు రావట్లేదు. మా నాన్న ఒక తెల్లవారుజామున దిమ్మె నెత్తి మీద జానెడు మట్టి వేసి, తడిపి, దిమ్మిస కొట్టి, పైన గడ్డి పలక అతికించాడు. నీళ్ళ కుండ తెచ్చి ఇచ్చింది నేను. ఓవర్సీరు వచ్చాడు. టేపు పెట్టబోతూ ఆగి, పార తీసుకుని దిమ్మెను నిలువునా కోశాడు.

"కోస్తే ఏం కనపడింది?" హైదరాబాద్ సార్ కుర్చీ ముందుకు జరుపుకున్నారు.

"పాత గడ్డివేళ్ళు సార్. నెత్తి నుంచి జానెడు కింద ఎండిన వేళ్ళ వరస. అసలు నేల అక్కడ దాకే. పైన ఉన్న మట్టి రంగే వేరు. ముఠా మొత్తాన్ని ఆ రోజే పంపించేశారు. మా నాన్న తలెత్తలేదు. అందుకే, పొరలు కలవని దిమ్మె చూసేసరికి, ఈ పిల్లను కూడా దొంగ అంటారని భయమేసింది. తనకి తెలివి తక్కువై కాదు సార్. నాకు."

హైదరాబాద్ సార్ వంగి, నేను కట్టిన నల్ల దిమ్మెను ఇంకోసారి చూశారు.

తర్వాత ఆయన నసీమా వైపు తిరిగారు. "విన్నావు కదా. ఆ ఓవర్సీరు దగ్గర పార ఉంది. నీకు అక్కడ పార లేదు. కోయకుండా, ఇది తర్వాత వచ్చింది అని ఎలా చెబుతావు?"

నసీమా కళ్ళు తుడుచుకుంది. నమూనా ముందు మోకాళ్ళ మీద కూర్చుంది. "పార లేదు సార్, గాలి ఉంది. గాలే దాని పక్కలు కోసి పెట్టింది. కోసినచోట చూస్తే పొరలు కనపడతాయి. పిన్నీ, నా రాళ్ళు యాడ పెట్టావు?"

పెరట్లో రాళ్ళు

నేను పరుగెత్తాను. యాభై ఎనిమిదేళ్ళ మనిషిని, అంత పరుగు పెళ్ళప్పుడు కూడా పెట్టలేదు. గన్నేరు మొదట్లోంచి పసుపు పలకలు కొంగులోకి ఎత్తుకుని తెచ్చాను. అప్పటికే ఆ పిల్ల నేను కట్టిన దిమ్మెను రెండు చేతులతో ఊడబీకి పక్కన పడేసింది. నాకు కొంచెం కూడా బాధ కలగలేదు.

రాయి తర్వాత రాయి పెడుతూ చెప్పింది. లేత పొరలు పక్క లోయల్లో కొన్నిచోట్ల గోడల పాదాల మీదికి ఎక్కి ఆనుకుని ఉన్నాయి. ఆనుకోవాలంటే గోడ ముందే ఉండాలి. "ఈ గుంటలో అంత తేటగా లేదు సార్, అది ఒప్పుకుంటా" అంది. నెత్తి గట్టు ఎత్తుకు రావడం చూసి పాత నేల అనుకోవచ్చు, కానీ గుంట అంచు దాకా నిండి ఉంటే కూడా అదే ఎత్తు వస్తుంది. మట్టి చేతులతోనే గోడ మీది బొమ్మలు చూపించింది. హైదరాబాద్ సార్ కుర్చీ వదిలేసి తొట్టి అవతల గొంతుక్కూర్చున్నారు. ప్యాంటుకు రేగడి అంటింది, పట్టించుకోలేదు. "ఇది కింద రావాలా, పైనా?" అని అడిగి ఆయన కూడా రెండు పలకలు పెట్టారు. ఒకటి తప్పు పెట్టారు. నసీమా తీసేసి సరిగ్గా పెట్టింది.

"అయితే దాన్ని నింపింది ఏమిటి?" అని అడిగారు.

"తెలవదు సార్. బూడిదా, దుమ్మా, ఒండ్రా అనేది బొమ్మల్ని బట్టి తేల్చలేను. తేలిందని రాయలేదు కూడా."

ఒంటిగంటకు కారు వచ్చింది. డ్రైవరు రెండుసార్లు హారను కొట్టి ఊరుకున్నాడు.

సుజాతా, ఇక్కడ నీకొక మాట. నా తప్పు వల్లే ఆ పిల్లకు మేలు జరిగిందని తర్వాత కాలేజీలో నవ్వుతూ అనేవాళ్ళు. అది నిజం కాదు. ఆ పిల్ల నిబ్బరం వల్ల నా తప్పు మునిగిపోకుండా తేలింది, అంతే. ఇంకో పిల్లయితే అక్కడే ఏడ్చి కూర్చునేది, గురజాల వెళ్ళిపోయేది. మన పనిలో చేతులకు పనుంది, బుద్ధికి పనుంది, ప్రేమకు మాత్రం హద్దుంది. ఒకరు పెట్టిన రాయి నీకు వంకరగా కనపడితే, కదిలించే ముందు పెట్టినవాళ్ళను అడుగు. ఫోను చేసి అడిగితే సరిపోయేది. ఆ రోజు నా దగ్గర ఫోను ఉంది, నసీమా నంబరూ ఉంది. బాగా తెలిసినదాన్ని అనుకున్నాను కాబట్టి చేయలేదు.

హెడ్డు సార్ నన్ను తిట్టలేదు. అదే నాకు ఎక్కువ తగిలింది.

హైదరాబాద్ సార్ లేచి మోకాళ్ళు దులుపుకున్నారు. కాగితాలు సంచిలో పెట్టుకుంటూ, ఏదో మామూలు విషయం అడిగినట్టు, "ఎప్పుడొచ్చి చేరతావమ్మా?" అన్నారు.

నసీమా రేగడి అంటిన రెండు చేతులూ ముందుకు చాపి నా వంక చూసింది. "పిన్నీ, కాసిని నీళ్ళు పొయ్యవూ."

కిటికీ దగ్గర బకెట్లోంచి మగ్గుతో పోశాను. నల్ల నీళ్ళు కారి కారి, వేళ్ళ మధ్య మట్టి వదిలి, నీళ్ళు తేటపడే దాకా పోస్తూనే ఉన్నాను. ఆయన కూడా తొందరపెట్టలేదు. నా కొంగుతో చేతులు తుడుచుకుని, ఆయన వైపు తిరిగి చెప్పింది.

"వచ్చే సోమవారం సార్."